గేమ్ డబ్బాలోకి ఎక్కించిన జింక

నాకు సంతకం వచ్చు. బస్సు మీద ఊరి పేరు కూడబలుక్కుని చదవడం వచ్చు. అంతకు మించి చదువు లేదు. అయినా తొమ్మిదేళ్ళు గేమ్ డబ్బా నడుపుకుని బతికాను. నవ్వొస్తే నవ్వండి. నేను చెబుతుంటే మా చెల్లెలి కూతురు రాస్తోంది. మాటలు కొంచెం దిద్దుకుంటానంది, సరేనన్నాను. జరిగింది మాత్రం దిద్దొద్దన్నాను.

ఇది చదివే మీలాంటి చిన్నవాళ్ళకు పని ఎలా నేర్చుకున్నామో చెప్పేవాళ్ళు చాలామంది దొరుకుతారు. నేను చెప్పబోయేది పని రాక చేసిన తప్పు కాదు. చెయ్యి బాగా తిరిగాక, నా అంత తెలివిగలది లేదనుకున్నాక చేసింది.

మా ఆయన సంతల్లో టీవీ గేములు ఆడించేవాడు. జూలూరుపాడు వైపు నుంచి అడవి అంచు ఊళ్ళ దాకా వారానికి నాలుగు సంతలు. చిన్న టీవీ, నల్లటి గేమ్ డబ్బా, రెండు రిమోట్లు, కరెంటు లేని చోటికి ఒక లారీ బ్యాటరీ, ఇన్వర్టరు. ఎండకు బొమ్మ కనబడదని టీవీ మీద నల్ల దుప్పటి కప్పేవాడు. ఆడేవాళ్ళు ఆ దుప్పట్లో తలలు దూర్చి కూర్చునేవాళ్ళు. ఆయన కామెర్లు ముదిరి ఖమ్మం దవాఖానాలో పోయాడు. నెల తిరిగాక నేనే డబ్బా ముందు కూర్చున్నాను. మా అత్త ఊరుకోలేదు.

"మొగుడు పోయిన దానివి, నలుగురు మొగోళ్ళు తిరిగే సంతల కూసుంటవా?"

"కూసోకపోతే తినేదేంది అత్తా? నువ్వు కూసుంటవా పోనీ?" అన్నాను. తర్వాత ఆమె ఆ మాట ఎత్తలేదు.

నాలుగు సంతల్లో చివరిది ఒక కోయగూడెం దగ్గర. ఆటో వాగు దాకానే పోతుంది. అక్కడి నుంచి మైలున్నర నడక. సామాను మోయడానికి మా ఆయన ఉన్నప్పటి నుంచీ ఆ గూడెం తమ్ముడొకాయన కావడి పట్టుకుని వాగు గట్టున నిలబడేవాడు. బక్క మనిషి, మాట తక్కువ. కావడికి ఒక పక్క టీవీ, ఇంకో పక్క బ్యాటరీ. వాగులో రాళ్ళ మీద కాలు జారే చోట కూడా టీవీ ఊగేది కాదు. మా ఆయన పోయాక నేను మొదటిసారి ఆటో దిగిన రోజు కావడి భుజానికెత్తుకుని ఒకే మాట అన్నాడు.

"బావ ఉన్నప్పుడు గింత బరువు లేదక్కా. రాళ్ళేమన్న ఏసినవా?"

అప్పటికి నెల రోజులైంది నేను నవ్వక. ఆ పూట నవ్వాను. అప్పటి నుంచి ఆరేళ్ళు నా సామాను ఆయన భుజం మీదే నడిచింది. ఆరేళ్ళలో ఒక్కసారి కూడా రిమోట్ చేత్తో పట్టుకోలేదు. ఆడమంటే, "మోసుడు నా పని, ఆడుడు పిల్లల పని" అనేవాడు.

ఇక పని సంగతి. మొదట్లో గేములు సీడీల మీద వచ్చేవి. సంతలో దుమ్ముకు సీడీలు గీతలు పడ్డాయి, తర్వాత డబ్బాలో సీడీ చదివే కన్నే చెడిపోయింది. బతుకు ఆగిపోయిందనుకున్నాను. రెండువేల ఎనిమిదో తొమ్మిదో, మెమరీ కార్డుల ఫోన్లు అప్పుడప్పుడే ఊళ్ళలోకి వస్తున్నాయి. జూలూరుపాడులో సెల్ పాయింట్ పెట్టుకున్న మా వీధి అబ్బాయి, ఇద్దరు పిల్లల తండ్రి, డబ్బా విప్పి చూసి, "సీడీ లేకున్నా నడుపొచ్చు చిన్నమ్మా" అన్నాడు. డబ్బాకు సొంతంగా ఒక చిన్న కార్డు ఉంటుంది. దానిలోంచే గేములు తెరుచుకునేలా ఏదో చేసి పెట్టాడు. గేములు ఫోన్లలో దొరుకుతాయి. ఫోన్‌లో కార్డు తీసి, బొటనవేలంత రీడర్‌లో పెట్టి, రీడర్‌ను డబ్బా ముందున్న సందులో గుచ్చితే టీవీ మీద రెండు జాబితాలు వస్తాయి. పైది ఫోన్‌లో ఉన్నది, కిందది డబ్బాలో ఉన్నది. పైదాన్ని ఎంచుకుని గుండ్రటి మీట నొక్కితే కిందికి దిగుతుంది.

"నాకు ఇంగ్లీషు రాదు కదరా" అన్నాను.

"పేరెందుకు? తోక చూడు. చివర మూడు అక్షరాలుంటయి. గేటు లెక్క ఒకటి, దువ్వెన లెక్క ఒకటి, పాము లెక్క ఒకటి. గా మూడున్నదే డబ్బా తింటది. మిగతాది పెడితే కక్కుతది."

గేటు, దువ్వెన, పాము. నా చదువంతా అదే. ఫోన్ గేముల్లో పదికి ఒకటి కూడా ఆ తోకతో ఉండదు. ఉన్నదాన్ని పట్టుకుని, డబ్బా కార్డు చిన్నది కాబట్టి పాతదొకటి తుడిచి, కొత్తది ఎక్కించాలి. మొదట్లో ఒక సంతలో తుడవకూడనిది తుడిచాను. మిగతావాటిని తెరిచేది అదేనట. టీవీ నల్లబడి కూర్చుంది. ఆ రోజంతా నల్ల దుప్పటి కింద నేనొక్కదాన్నే తల దూర్చుకుని ఏడ్చాను. సెల్ పాయింట్ అబ్బాయి మళ్ళీ సరిచేసి, "పైనుంచి రెండోది నీ పానం చిన్నమ్మా, దాని జోలికి పోకు" అని చెప్పాడు. తర్వాత మళ్ళీ పొరపాటు పడలేదు. ఏడాదిలో ఎంత అలవాటైందంటే, సంతకు ఎవరు కొత్త ఫోన్ తెచ్చినా, "ఏదీ, కార్డు తియ్యి" అని అడిగేదాన్ని.

ఆ ఏడాదే మా కావడి తమ్ముడి మీద అడవి శాఖ వాళ్ళు కేసు పెట్టారు. ఒక్క చెవులపిల్లి దొరికింది ఆయన సంచిలో. రెండు నెలలు లోపలున్నాడు. సరిగ్గా విత్తనం వేసే కాలం. ఆయన పెళ్ళాం చంకలో బిడ్డతో కోర్టు చుట్టూ తిరిగింది. చేను బీడు పడింది. చలికాలమంతా ఇద్దరూ కూసుమంచి వైపు మిరపకాయ ఏరడానికి కూలికి పోయారు. తిరిగొచ్చాక ఆ పిల్ల నాతో అంది.

"వదినా, ఇంకోపాలి పట్టుకుంటే జల్దీ ఇడువరంట. ఈయేడు గుడ చేను పడావు పడితే మేం ఊళ్ళె ఉండుడు కష్టమే."

ఆ మాట నా మనసులో పడిపోయింది. తొలకరి దగ్గరికొస్తోంది. తొలకరికి ముందు వాళ్ళకు విత్తనాల పండుగ. ఇంటింటి నుంచి విత్తనాలు తెచ్చి ఊరి పెద్ద ముందు పెడతారు, పూజ చేసి తిరిగి పంచుకుంటారు, ఆ తర్వాతే భూమిలో వేస్తారు. ఆ పండుగకు మగవాళ్ళు విల్లు పట్టుకుని వేటకు పోవాలి. తెచ్చింది పిట్టంతైనా సరే వాటాలు వేసి ఇంటింటికీ పాలు పెడతారు. ఉత్త చేతులతో వస్తే మాత్రం ఆడవాళ్ళు ఊరి మొదట్లోనే కాపు కాసి, పేడ నీళ్ళు గుమ్మరించి, నోటికొచ్చిన మాటలంటూ వాగు దాకా తరుముతారు.

ఆ తరమడం నేను రెండేళ్ళు చూశాను. దూరం నుంచి చూశాను. నలుగురిలో పెళ్ళాలు మొగుళ్ళ మీద పేడ నీళ్ళు కొడుతుంటే నేను మొహం తిప్పుకున్నాను. విధవనయ్యాక నలుగురిలో మాట పడటం ఎలా ఉంటుందో నాకు తెలుసు. ఇంత అవమానం పడలేకే కదా ఈ మనిషి పోయినేడు చెవులపిల్లి కోసం లోపలికి పోయి ఇరుక్కున్నాడు అనుకున్నాను. నాకు నేనే అనుకున్నాను. ఎవరినీ అడగలేదు.

పండుగకు వారం ముందు సెల్ పాయింట్‌లో ఒక డ్రైవర్ ఫోన్ చూశాను. అందులో ఒక గేము. పొదలు, చెట్లు, ఒక మనిషి విల్లు పట్టుకుని నడుస్తుంటాడు, జింకలు ఎదురొస్తాయి, బాణం వేస్తే పడతాయి. తోక చూశాను. గేటు, దువ్వెన, పాము. నా గుండె ఎగిరింది. డ్రైవర్‌ను బతిమాలి కార్డు తీయించి, కార్ల గేము తుడిచి, జింకల గేము ఎక్కించాను. సెల్ పాయింట్ అబ్బాయి నా మొహం చూసి, "ఏంది చిన్నమ్మా, లాటరీ తగిలినట్టు నవ్వుతున్నవ్?" అన్నాడు.

"ఒక మనిషిని జైలు నుంచి తప్పిస్తున్నరా" అన్నాను. అంత గొప్పగా అన్నాను.

పండుగ రోజు పొద్దున్నే వాగు దగ్గర దిగాను. తమ్ముడు కావడితో వచ్చాడు. సామాను ఊరి పెద్ద ఇంటి ముందు పందిరి కింద దించాక, మగవాళ్ళంతా విల్లులు తీసుకుని కదులుతున్నారు. ఈయనా చూరులోంచి విల్లు తీశాడు.

"నువ్వు పోవద్దు తమ్మీ" అన్నాను.

"ఉత్తగనే అక్కా. గుట్ట దాంక పోయొస్తం."

"ఉత్తగనో ఊరకనో నాకు తెల్వదు. బ్యాటరీ తీగలు వదులైనయి, ఇయ్యాల నువ్వు నా దగ్గర్నే ఉండాలె. మీ బావ ఉంటే ఆయన మాట కాదంటవా?"

చచ్చిపోయిన మనిషిని అడ్డం పెట్టుకుని అడిగితే ఎవరు కాదంటారు? మిగతావాళ్ళ వైపు ఒకసారి చూశాడు. ఊరి పెద్ద ఏదో అనబోయి ఊరుకున్నాడు. తమ్ముడు విల్లు చూరులో పెట్టేసి వచ్చి నా పక్కన కూర్చున్నాడు. తీగలు గట్టిగానే ఉన్నాయి. ఆయనకూ తెలుసు.

పొద్దు వాలుతుండగా మగవాళ్ళు తిరిగొచ్చారు. ఒక్కడి చేతిలో కూడా ఏమీ లేదు. ఆడవాళ్ళు బిందెలతో సిద్ధంగా ఉన్నారు. కేకలు, తిట్లు, ఉరుకులు.

"కోడిపిల్లను గుడ పట్టలేని మొగోడా, నీకు అన్నం ఎందుకురా!"

"నీ విల్లు నువ్వే ఇరుగగొట్టుకుంటవ్, జింకనేం కొడతవ్!"

ముసలాయన నుంచి కొత్తల్లుడి దాకా అందరి మీదా పడ్డాయి పేడ నీళ్ళు. అందరూ తడిసి వాగులో పడి మునిగి, తలలు తుడుచుకుంటూ పందిరి కిందికి వచ్చారు. పొడిగా ఉన్నది మా తమ్ముడొక్కడే. ఒకామె బిందె ఎత్తి, ఆయన దగ్గర దాకా వచ్చి ఆగింది. ఆయన పెళ్ళాం వైపు చూసింది.

"మరి గీయన మీద?"

"పోనోని మీద పోసేది లేదు" అన్నది ఆయన పెళ్ళాం. తల వంచుకుని అన్నది.

అక్కడైనా నాకు అర్థం కావాలి. కాలేదు. ఇదే అదను అనుకున్నాను. దుప్పటి తీసేశాను. టీవీ మీద అడవి వచ్చింది.

"ఎవరన్నరు మా తమ్ముడు పోలేదని? ఇక్కడ్నే కొడతడు సూడుండ్రి జింకను!" అని అరిచాను. రిమోట్ ఆయన చేతిలో పెట్టాను.

నా మొహం చూశాడు. నేను చెప్పానని, ఆరేళ్ళలో మొదటిసారి, పట్టుకున్నాడు. ఏ మీట నొక్కాలో తెలియదు. బాణం ఆకాశంలోకి పోయింది. జింకలు ఆయన్ను దాటుకుని పోయాయి. అంతా మూగారు. సంతలో వారం వారం ఆడే పిల్లలు, "గుండ్రంది నొక్కు మామా, గుండ్రంది!" అని అరుస్తున్నారు. ఆయన గుండ్రటిది నొక్కబోయి పక్కది నొక్కితే విల్లు పట్టిన బొమ్మ గంతేసి ముళ్ళపొదలో పడింది. నవ్వులు. నేనూ నవ్వాను. ఆ నవ్వు మంచిదేననుకున్నాను. నిజం అడవిలో ఆకు కదిలితే ఏ జంతువో చెప్పగల మనిషి చెమటలు కారుతూ ఆ బొమ్మను అటూ ఇటూ తిప్పుతున్నాడు. చివరికి ఒక జింకకు బాణం తగిలింది. పడింది. మిణుకు మిణుకుమని మాయమైంది. డబ్బా ఒక పాట వాయించింది. అదే జింక అవతలి పక్క నుంచి మళ్ళీ నడుచుకుంటూ వచ్చింది.

ముందు వరసలో ఆయన తల్లి కూర్చుని ఉంది. కళ్ళు చికిలించి చూసి అడిగింది.

"పడ్డది మళ్ళ లేచిందేందిరా? దీన్ని ఇంటింటికి ఎట్ల పాలు పెడ్తవ్?"

పందిరి మొత్తం విరగబడి నవ్వింది. తడిసిన మగవాళ్ళు కూడా. ఆమె ఎగతాళిగా అనలేదు, నిజంగానే అడిగింది. అందుకే ఇంకా నవ్వారు.

ఆయన రిమోట్‌ను విసిరేయలేదు. తీగ చుట్టి, డబ్బా మీద మెల్లగా పెట్టాడు, నా సామాను పాడవకుండా. లేచి చూరులోంచి విల్లు తీసుకున్నాడు.

"ఎటు తమ్మీ?"

"వస్తనక్కా. నువ్వు దుకాణం సూసుకో."

నేను దుకాణం చూసుకున్నాను. అదే నాకు ఇప్పటికీ నిద్రలో గుచ్చుకునేది. ఆయన పోయాక ఒకరి తర్వాత ఒకరు జింకలు కొడతామని వచ్చారు. బ్యాటరీ అయిపోయేదాకా ఆడించాను. నా గేము ఊరంతటికీ నచ్చిందని మురిసిపోయాను.

పొద్దు మునిగేటప్పటికి ఆయన రాలేదు. తెల్లారి పక్క ఊరి మనిషి వచ్చి చెప్పాడు. గుట్ట అవతల అడవి శాఖ వాళ్ళు కాపు కాసి ఉన్నారట. చేతిలో ఉన్న అడవికోడి, విల్లుతో సహా తమ్ముణ్ణి పట్టుకుపోయారట. ఒక్క అడవికోడి. ఊళ్ళో నలభై గడపలు. ఆ ఒక్కదాన్ని ఎలా పంచుదామనుకున్నాడో.

ఆయన పెళ్ళాం ఏడవలేదు. విత్తనాల మూట ఒళ్ళో పెట్టుకుని గుమ్మంలో కూర్చుంది. నేను ఊరి పెద్ద కాళ్ళ మీద పడ్డాను.

"నేను ఆపుదామనే చేసిన తాతా. కేసు కాకూడదనే చేసిన."

"ఎరుకే బిడ్డా" అన్నాడు ఆయన. "కానీ ఈయేడు ఎవ్వరం లోపలికి పోవొద్దని వారం కిందనే అనుకున్నం. గుట్ట కింద నీడకు కూసోని, మాటలు చెప్పుకొని, ఉత్త చేతులతోని తిరిగొచ్చుడే. ఆడోళ్ళకు గుడ ఎరుకే. నీళ్ళు మీద పడితే పండుగ తీరినట్టే."

"నాకెవ్వరు చెప్పలే తాతా!"

"నువ్వెవ్వరిని అడిగినవ్?"



ఊరి పెద్దను వెంటబెట్టుకుని అడవి శాఖ ఆఫీసుకు పోయాను. అక్కడి సారు చెడ్డవాడేం కాదు. కూర్చోబెట్టి మంచినీళ్ళు ఇప్పించాడు. నేను జరిగిందంతా చెప్పాను, తప్పు నాదే రాసుకోమన్నాను. ఆయన పెన్ను పక్కన పెట్టాడు.

"టీవీ గేములో నవ్విన్రని అడవికి పోయిండా? ఇది రాస్తే మా పైసారు నన్ను పిచ్చోడంటడమ్మా. రెండోసారి దొరికిండు, నా చేతుల ఏం లేదు."

మృగశిర పోయింది, ఆరుద్ర పోయింది. బెయిలు రాలేదు. వానలు మొదలయ్యాయి. నేను సంతలు మానేసి గూడెంలో ఉండిపోయాను. మొదటి రెండు రోజులు తమ్ముడి పెళ్ళాం నాతో మాట్లాడలేదు. మూడో రోజు పొద్దున నాగలి వెనుక జొన్నలు పోయడానికి మనిషి తక్కువైతే, బుట్ట తెచ్చి నా చేతికిచ్చింది.

"పల్చగ పొయ్యి వదినా. గుప్పెడు గుప్పెడు పొయ్యకు."

అంతే అన్నది. ఊరివాళ్ళు తలా ఒక పూట అరక కట్టారు. చేను బీడు పడలేదు. ఆ వారంలోనే ఒక పూట జింకల గేము తుడిచేశాను. తుడిస్తే ఏమవుతుంది? తర్వాత సంతల్లో పిల్లలు అడిగారు, పోయిందని చెప్పాను.

పుష్యమి కార్తెలో విడుదలయ్యాడు. జొన్న మోకాలెత్తు వచ్చింది. విత్తనాలయ్యాక మళ్ళీ సంతలు పట్టిన నేను ఆ వారం ఆటో దిగేసరికి, వాగు గట్టున కావడితో నిలబడి ఉన్నాడు. ఇంకా చిక్కిపోయాడు. నా ప్రాణం లేచొచ్చింది. టీవీ దించి ఆయన ముందు పెట్టాను. ఆయన దానివైపు చూడలేదు. నా వెనుక దిగిన ఉల్లిగడ్డల వ్యాపారి బస్తాలను కావడికి కట్టుకుంటున్నాడు.

"కోపమా తమ్మీ?"

"నీ మీద కోపమేందక్కా. నా చేన్ల జొన్న పోసినవ్, సూసిన." తాడు ముడి బిగించి, నిలబడ్డాడు. "పేడ నీళ్ళు అందరి మీద పడతయి. వాగుల మునిగితే పోతయి. ఆ దినం నా ఒక్కని మీద నవ్విన్రు. దానికి నేను ఏ వాగుల మునగాలె?"

ఆయన కావడి ఎత్తుకుని వాగులో దిగాడు. నేను టీవీని రెండు చేతులా పొట్టకు కరుచుకుని వెనకాలే దిగాను. బ్యాటరీ కోసం మళ్ళీ రావాలి. నడిమధ్యలో నాచు పట్టిన రాయి దగ్గర నా కాలు జారబోయింది. ఆయన ఆగాడు. కావడిని ఒక భుజం మీదే ఆనించుకుని, వెనక్కి తిరిగి, చెయ్యి చాపాడు. నేను టీవీని చంకకు మార్చుకుని ఆ చెయ్యి పట్టుకున్నాను. రాయి దాటేదాకా వదల్లేదు. గట్టెక్కాక వదిలేసి, ఉల్లిగడ్డల బరువుతో ముందుకు నడిచాడు. నా బరువు మాత్రం అందుకోలేదు. ఆ రోజూ, ఆ తర్వాత కూడా.